ఒక మూతకి ఒక ప్రశ్న

మంగళవారం పొద్దున మా లిఫ్టు పాట ఆగలేదు.

మాది పాత అపార్ట్‌మెంటు. లిఫ్టుకి మడత పడే ఇనప తలుపు. అది సరిగ్గా వేయకపోతే లోపల ఒక వేణువు పాట మొదలై, ఎవరో ఒకరు వచ్చి వేసేదాకా మోగుతూనే ఉంటుంది. మా బిల్డింగులో ఆ పాటని చివరిదాకా విన్నవాళ్లు లేరు. రెండో అంతస్తులో ఉండే సుబేదార్ గారు అది వినబడగానే బయటికొచ్చి, లిఫ్టు ఏ అంతస్తులో ఉంటే అక్కడికి మెట్లెక్కి వెళ్లి తలుపు వేసేవారు. వేయనిది ఎవరో కనుక్కుని, వాళ్ల గంట కొట్టి చెప్పి మరీ వచ్చేవారు. ఆ రోజు నేను పళ్లు తోముకుంటూ పాట మొత్తం విన్నాను. అయిపోయి మళ్లీ మొదలైంది. మూడోసారి మొదలైనప్పుడు అమ్మ కిందికి వెళ్లింది. కాసేపటికి పైకొచ్చి, చెప్పులు విప్పకుండానే గుమ్మంలో నిలబడి, "సుబేదార్ గారు పోయారే. నిద్రలోనే" అంది.

నాకు ముందు ఏడుపు రాలేదు. ఆదివారాలు ఆయన దగ్గరికి వచ్చే ఆ అమ్మాయికి ఈ సంగతి తెలిసిందా, నాకంటే ముందే తెలిసిందా అనుకున్నాను. పోయినవాళ్ల గురించి రాసేటప్పుడు ఇలాంటివి ఎవరూ రాయరు. కానీ ఆయనకి దాపరికం నచ్చేది కాదు కాబట్టి మొదటే చెప్పేస్తున్నాను. ఆయన్ని నేను ఎంత గౌరవించానో, ఆయన మాట దక్కినవాళ్లని చూసి అంతగా కుళ్లుకున్నాను.

అమీర్‌పేట, పంజాగుట్ట చుట్టుపక్కల బడుల్లో చదువుకున్న మీలో కొందరికి ఆయన తెలిసే ఉంటారు. తెల్ల చొక్కా, బ్రౌను రంగు బూట్లు, చంకలో బిస్కెట్ల రేకు డబ్బా. డెబ్బై ఒకటి యుద్ధం నాటికి ఆయన ఇంకా సుబేదార్ కాదు, ఇరవై మూడేళ్ల నాయక్. తుపాకీ కాల్చడం ఆయన పని కాదు. శత్రువు నేలలో పాతిపెట్టిన మందుపాతరలని వెతికి తీయడం ఆయన పని. వెనక వచ్చే సైన్యం కోసం ఒక మనిషి పట్టేంత దారి చేసి, దానికి రెండు వైపులా తెల్ల టేపు కట్టేవారు. టేపుల మధ్య నడిస్తే బతుకుతారు.

నేను ఎనిమిదో తరగతిలో ఉండగా మా కాన్వెంటు వాళ్లు ఆగస్టు పదిహేనుకి ఆయన్ని పిలిచారు. ఆయన పది నిమిషాలు మాట్లాడారు. మైకు కీచుమంటూనే ఉంది. ముందు వరసలో పిల్లలు ఒకరి జడ ఒకరు అల్లుకున్నారు. మిఠాయి ఎప్పుడు పంచుతారని వెనక వరసలో గుసగుసలు. ఇంటికి తిరిగొచ్చేటప్పుడు లిఫ్టులో అమ్మ నొచ్చుకుంటూ ఏదో అనబోతే, ఆయన వారించారు. "పిల్లల తప్పు కాదమ్మా. నలభై ఏళ్ల కిందటి సంగతి చెవికి చెబితే ఎక్కదు. చేతికి చెప్పాలి."

ఆ వారమే ఎర్రమంజిల్ వైపు ఒక ఇరానీ హోటల్లో అడిగి కూల్‌డ్రింకు సీసాల మూతలు తెచ్చుకున్నారు. కడిగి, ఆరబెట్టి, డబ్బాలో వేశారు. తెల్ల టేపు కోసం అమీర్‌పేటలో లంగా బొందు చుట్ట కొన్నారు. నేల మీద పరిచాక అది నాలుగు వాడకాలకే చిరిగిపోయేది. కొత్తది కొనడానికి ప్రతిసారీ ఆయన భార్య, మామ్మగారే వెళ్లాల్సి వచ్చేది. "ఆ కొట్టువాడు నేను వీధి మొత్తానికీ లంగాలు కుడుతున్నాననుకుంటున్నాడు" అనేవారు ఆవిడ. స్వెటర్లు అల్లే సూదులు కూడా ఆవిడవే. అవి పోయాక ఆవిడ అల్లడం మానేశారు.

అన్నీ సిద్ధమయ్యాక ఆయన మా ఇంటి గంట కొట్టారు. "మీ అమ్మాయి ఎక్కువ మాట్లాడదు కదా. నాకు అలాంటి మనిషి కావాలి" అన్నారు అమ్మతో. మా ఇంటికొచ్చిన ప్రతివాళ్లూ నా మౌనాన్ని చూసి జాలిపడేవారు. అది ఒకరికి పనికొస్తుందని నేను వినడం అదే మొదటిసారి.

నా పని ఇదీ. శనివారం పొద్దున పిల్లలు రాకముందే వెళ్లి, బడి ఆవరణలో మట్టి మెత్తగా ఉన్నచోట రెండు వరసల బొందు పరచాలి. మధ్య దారిలో ముప్ఫై మూతలు పాతిపెట్టాలి. ఎక్కడెక్కడ పాతానో గళ్ల నోటుబుక్కులో గీసి, ఆ కాగితాన్ని కవర్లో పెట్టి అంటించాలి. నేను పాతుతున్నంతసేపూ ఆయన గోడ వైపు తిరిగి నిలబడేవారు. ఒక్కసారి కూడా తల తిప్పలేదు. "నాకు తెలిస్తే పిల్లల ముందు నటించాలి. నాకు నటన రాదు" అనేవారు.

పిల్లలు వచ్చాక ఆ అరవై ఏడేళ్ల మనిషి నేల మీద బోర్లా పడుకుని చూపించేవారు. సూదిని నిటారుగా గుచ్చకూడదు. ఏటవాలుగా, మెల్లగా దింపాలి. ఏమీ తగలకపోతే మూడు వేళ్ల వెడల్పు జరిగి మళ్లీ గుచ్చాలి. ఏదైనా తగిలితే ఆగి, పక్క నుంచి మట్టిని చేత్తో తీయాలి. "నేలని అడగాలి. పొడిస్తే చెప్పదు" అనేవారు. మోచేతులు మండుతున్నాయని పిల్లలు గొణిగితే, మేము తొమ్మిది గంటలు ఇలాగే ఉన్నాం అనేవారు. అదీ గొప్పకి కాదు, బస్సు ఎన్నింటికో చెప్పినట్టు చెప్పేవారు.

ఒకే ఒక నియమం ఉండేది. మూత దొరికినవాళ్లు దాన్ని ఆయన చేతిలో పెట్టి ఒక ప్రశ్న అడగవచ్చు. ఒక మూతకి ఒక ప్రశ్న. ఏదైనా అడగవచ్చు, ఆయన నిజమే చెబుతారు. చెప్పాక మూతని వాళ్లకే తిరిగిచ్చేస్తారు. మూత లేనివాళ్లకి ప్రశ్న లేదు. ఒకసారి మా హెడ్మిస్ట్రెస్ సిస్టర్ ఏదో అడగబోతే, ఆవిడకీ ఒక సూది అందించి నవ్వారు.

మొదటి శనివారమే మా క్లాసులో అల్లరి పిల్ల ఎంతమందిని చంపారని అడిగింది. ఆయన మూతని వేళ్ల మధ్య చాలాసేపు తిప్పారు. "చూసి ఎవరినీ చంపలేదమ్మా. కానీ మేము తీయడమే కాదు, పాతాం కూడా. నేను పాతినవాటి మీద ఎవరు అడుగేశారో నాకు తెలీదు" అన్నారు. శత్రువు ఎలా ఉంటాడని ఇంకో పిల్ల అడిగితే, చలికి వణుకుతూ ఉంటాడన్నారు. భయం వేయలేదా అంటే, అక్కడ ఆకలే వేసిందనీ, సెలవు మీద ఇంటికొచ్చాక వాళ్లమ్మ పోపులో ఆవాలు వేసినప్పుడు భయం వేసి మంచం కింద దూరాననీ చెప్పారు. ఒకమ్మాయి, యుద్ధంలో బాత్రూముకి ఎలా వెళ్తారని అడిగి నాలుక కరుచుకుంది. అన్నిటికంటే పెద్ద జవాబు దానికే వచ్చింది. సిస్టర్ అది వినకుండా గేటు దాకా నడిచి వచ్చారు.

ఆ జవాబులన్నీ నేనూ విన్నాను. కానీ జవాబు చెప్పేటప్పుడు ఆయన అడిగిన పిల్ల కళ్లలోకే చూసేవారు. ఆవరణలో ఇంకెవరూ లేనట్టు, ఆ సంగతి ఆ ఒక్కరి కోసమే ఇన్నేళ్లు దాచినట్టు చూసేవారు. నేను పక్కన చేతులు దులుపుకుంటూ ఉండేదాన్ని. నాకు ఒక్క మూత దొరికే వీలు లేదు. ముప్ఫై ఎక్కడున్నాయో నాకు తెలుసు.

తొమ్మిదో తరగతిలో ధైర్యం చేసి ఒకసారి అడిగాను, ఈసారి ఇంకెవరైనా పాతితే నేను వెతుకుతానని.

"నీ అంత బాగా దాచేవాళ్లు దొరకాలి కదా" అన్నారు. నా చేతిలో నోటుబుక్కు చూసి, "పాతినవాడు గీసిన మ్యాపుని నమ్మే తర్వాత వచ్చినవాడు అడుగేస్తాడు. ఆ పని అందరికీ ఇవ్వలేనమ్మా" అన్నారు.

అది పొగడ్తని ఇప్పుడు తెలుస్తోంది. అప్పుడు మాత్రం కాదన్నారనే అర్థమైంది.

ఆయనతో వీధిలో నడవడం నాకిష్టం. గొడుగు మొనతో ఫుట్‌పాత్‌ని తడుముతూ నడిచేవారు. మెట్రో పనుల కోసం తవ్వి వదిలేసిన గుంతల దగ్గర ఆగి, ఇవి తీయడం మా ట్రేడు కాదు అనేవారు. వాన పడిన రోజు ముందు వెళ్లినవాళ్ల అడుగుల్లోనే అడుగు వేసేవారు, నన్నూ అలాగే వేయమనేవారు. ఒకసారి మామ్మగారి చీర మార్చడానికి పంజాగుట్టలో ఒక బట్టల షాపుకి వెళ్లాం. కౌంటరు వెనక ఉన్న అమ్మాయి ఆయన్ని చూసి, విప్పిన చీరలు అలాగే వదిలేసి వచ్చింది.

"గుర్తువట్టలేదా తాతా? నీ మూత నా పర్సులనే ఉన్నది" అని తీసి చూపించింది. తుప్పు పట్టి ఉంది.

ఆయన కళ్లజోడు పైకెత్తి ఆ మూతనీ, ఆ అమ్మాయినీ చూశారు. "నువ్వు తాగేనీళ్ల గురించి అడిగావు" అన్నారు. ఆమె పక్క కౌంటరు వాళ్లని కూడా పిలిచి ఆ మాట చెప్పింది. నేను చీర సంచి పట్టుకుని అద్దం పక్కన నిలబడ్డాను. ఆ మూత పాతింది ఈ అమ్మాయే అని ఆయన నన్ను చూపించారు. ఆమె "అట్లనా" అని, మళ్లీ ఆయన వైపు తిరిగిపోయింది. ఇంటికొచ్చాక అమ్మ నా మొహం చూసి, "ఏంటే, చీర మార్చనన్నారా?" అని అడిగింది.

నాకూ ఒక ప్రశ్న ఉండేది. అది ఇంకెవరికీ ఉండే వీలు లేదు, ఎందుకంటే దాన్ని చూసింది నేనొక్కదాన్నే. పిల్లలు క్లాసులకి వెళ్లిపోయాక, మూతల లెక్క మ్యాపుతో సరిపోయాక, ఆయన ఒక రాయి మీద కూర్చుని బూట్లు విప్పేవారు. మేజోళ్లు మడిచి బూట్లలో పెట్టేవారు. ప్యాంటు అంచులు రెండు మడతలు వేసుకుని, బొందుల మధ్య ఈ చివరి నుంచి ఆ చివరి దాకా ఉత్త కాళ్లతో నడిచేవారు. నెమ్మదిగా, ప్రతి అడుగుకీ మడమ పూర్తిగా ఆనించి నడిచేవారు. అప్పటిదాకా నన్ను ఆ దారిలో కాలు పెట్టనిచ్చేవారు కాదు. ఆ చివర చేరాక వెనక్కి తిరిగి, "ఇప్పుడు చుట్టు" అనేవారు. నేను బొందు చుట్టేదాన్ని.

ఎందుకలా నడుస్తారు? నాలుగేళ్ల పాటు ఆ ప్రశ్న ప్రతి శనివారం నా నోటిదాకా వచ్చింది. మూత లేకుండా అడగడానికి నోరు రాలేదు. అడిగితే చెప్పేవారేమో. నీకు మూత లేదు కదా అంటారేమోనని నా భయం.

నేను ఇంటర్ రెండో సంవత్సరంలో ఉండగా పంజాగుట్ట వెనక ఒక సర్కారు బడికి వెళ్లాం. అక్కడ తొమ్మిదో తరగతి అమ్మాయి ఒకతె, సూది చేతికివ్వగానే, "తాతా, దీనితోని మా అమ్మకు స్వెటరే అల్లరాదు, నేను బాంబులెట్ల తీస్త?" అంది. అందరూ నవ్వారు. అందరికంటే ఆయనే ఎక్కువ నవ్వారు. ఆ రోజు నేను ఒక మూతని చెట్టు వేరు కింద పాతాను. అది ఎవరికీ దొరకదనుకున్నాను. ఆ అమ్మాయికే దొరికింది. అందరి ప్రశ్నలూ అయిపోయినా తను మాత్రం "నాది జర ఆగి అడుగుత" అని మూతని పిడికిట్లో పెట్టుకుంది. బెల్లు కొట్టారు, పిల్లలు వెళ్లిపోయారు. తను చెప్పు తెగిందని మెట్ల మీదే కూర్చుండిపోయింది.

అలా తను ఆయన నడవడం చూసింది.

ఆయన ఆ చివర చేరగానే, తెగిన చెప్పు ఒక చేత్తో పట్టుకుని ఎదురెళ్లింది. మూత ఆయన అరచేతిలో పెట్టింది. "తాతా, బూట్లెందుకు ఇప్పినవ్?"

నాలుగేళ్లు నేను దాచుకున్న ప్రశ్న అది. తనకి ఒక్క పొద్దున సరిపోయింది.

ఆయన నా వైపు చూశారు. "అమ్మాయ్, ఆటో పిలుచుకురా" అన్నారు. అప్పుడే ఆటోతో పనిలేదు, బొందు ఇంకా నేల మీదే ఉంది. అయినా వెళ్లాను. ఆటోతో తిరిగొచ్చేసరికి ఇద్దరూ రాయి మీద పక్కపక్కన కూర్చుని ఉన్నారు. తను చున్నీతో కళ్లు తుడుచుకుంటోంది. ఆయన వంగి లేసులు కట్టుకుంటున్నారు. బొందు అప్పటికే చుట్టి ఉంది. వదులుగా, వంకరగా ఉంది. తనే చుట్టింది.

ఆ తర్వాత ఆ అమ్మాయి ఆదివారాలు మా బిల్డింగుకి రావడం మొదలైంది. మామ్మగారు తన కోసం పెసరట్టు పిండి తీసి ఉంచేవారు. ఆయన మోకాళ్లు మొరాయించాక, బడుల్లో బోర్లా పడుకుని చూపించే పని కూడా తనదే అయింది. కాలేజీలో ఎన్‌సీసీ క్యాడెట్‌గా చేరి, ఆ యూనిఫారంలో వచ్చి సెల్యూట్ చేస్తే, ఆయన కుర్చీ చేతులు పట్టుకుని లేచి నిలబడి తిరిగి చేసేవారు. నేను పై అంతస్తులో పుస్తకం తెరుచుకుని, కింది నవ్వులు వింటూ, ఒకే పేజీలో ఉండిపోయేదాన్ని. ఆ రోజు ఆయన ఏం చెప్పారో తనని అడగాలని ఎన్నిసార్లు అనుకున్నానో. అడిగితే నాకు తెలీదని ఒప్పుకోవాలి.

ఆయన నాకేమీ ఇవ్వలేదని కాదు. నేను చదువయ్యాక బేగంపేటలో మొదటి ఇంటర్వ్యూకి వెళ్లాల్సిన రోజు, మెట్ల మీద కదలకుండా కూర్చుని ఉంటే, ఆయన గొడుగు ఆనించుకుని నా పక్కన మెల్లగా కూర్చున్నారు. ఎందుకు భయమని అడగలేదు. "మొత్తం దారి చూడకు. మూడు వేళ్లు చూడు. తర్వాత ఇంకో మూడు వేళ్లు" అన్నారు. ముందు గేటు దాకా వెళ్లాను. తర్వాత బస్సు దాకా. ఆ ఉద్యోగం రాలేదు. తర్వాతిది వచ్చింది. లక్డీకాపూల్‌లో ఒక చిన్న పుస్తకాల ఆఫీసులో ప్రూఫులు దిద్దుతాను. అక్కడా మూడు వేళ్ల చొప్పునే చూస్తాను.

నేను గీసిన ప్రతి మ్యాపు కిందా ఆయన ఎర్ర పెన్నుతో "సరిపోయింది" అని రాసి సంతకం పెట్టేవారు. ఉద్యోగం వచ్చాక కూడా శనివారం సెలవు పెట్టి మరీ పాతడానికి వెళ్లేదాన్ని. చివరిసారి మూడు నెలల కిందట వెళ్లాం. ఆయన కుర్చీలోనే కూర్చుని అన్నీ చెప్పారు. చివర్లో మాత్రం బూట్లు విప్పించుకుని నడిచారు. ఆ అమ్మాయి భుజం పట్టుకుని నడిచారు. తను టేపు లోపల, నేను బయట.

మంగళవారం పొద్దున తనకి ఫోన్ చేసింది నేనే. తనకి అప్పటికి ఇంకా తెలీదు. నాకే ముందు తెలిసింది. అందులో నాకు ఏ సంతోషమూ దొరకలేదు.

పదకొండింటికి వచ్చింది. రెండో అంతస్తు చెప్పులతో, మనుషులతో నిండిపోయింది. అమ్మ చర్చికి కట్టుకునే తెల్లచీరలో మామ్మగారి పక్కన కూర్చుని ఉంది. మేమిద్దరం ఒక మలుపు పైన మెట్ల మీద కూర్చున్నాం.

"రాత్రి సుత ఫోన్ల మాట్లాడిండక్కా. ఈ నెల ఏ బడి అని అడిగిండు" అంది తను.

రాత్రి ఆయన నాతో మాట్లాడలేదు. అది కూడా నాకు గుచ్చుకుంది, ఆయన్ని ఇంకా ఇంట్లోంచి తీసుకెళ్లకముందే.

తను ముక్కు తుడుచుకుని, నేల చూస్తూ అంది. "నీకైతే మస్తు చెప్పి ఉంటడు. గిన్నేండ్లు పక్కనే ఉన్నవ్. నీ మీద ఎంత జెలసీ ఉండెనో నాకు. ఇప్పుడు చెప్తే ఏమైతది."

నేను తన వైపు చూశాను. అబద్ధం చెబుతున్నట్టు లేదు. అప్పుడు అడిగాను. "ఆ రోజు బూట్ల గురించి ఏం చెప్పారు?"

"నీకు తెల్వదా?"

"నాకు మూత లేదు."

తను చెప్పింది. మధ్యమధ్యలో ఆగుతూ చెప్పింది కాబట్టి నా మాటల్లో రాస్తాను. సరిహద్దు దగ్గర ఒక కాలువ. నడుములోతు నీళ్లు దాటి వెళ్లి, తెల్లవారేదాకా నలుగురు కలిసి దారి చేశారు. ముందు సూదితో గుచ్చుకుంటూ పాకింది ఆయన. వెనక టేపు కట్టుకుంటూ వచ్చింది ఆయన స్నేహితుడు, కడప వైపు మనిషి, ఆయన ఈడువాడే. వాళ్ల జట్టులో ఒక ఆచారం ఉంది. దారి చేసినవాడే ముందుగా దాని మీద నడిచి చూపించాలి. ఆ తర్వాతే మిగిలినవాళ్లు కాలు పెడతారు. ఆ పొద్దున ఆయన బూట్ల నిండా కాలువ నీళ్లు. పాదాలకి స్పర్శ పోయింది. నడిచే ముందు నీళ్లు ఒంపుకుందామని కూర్చుని లేసులు విప్పారు. స్నేహితుడు నవ్వి, నీ సింగారం అయ్యేసరికి సూర్యుడొస్తాడు, నేను వెళ్లొస్తానని, టేపు చుట్ట భుజాన వేసుకుని ముందు నడిచాడు. దారి మధ్యలో ఒకటి మిగిలిపోయి ఉంది.

"తాత సూది దానికి రెండు వేళ్ల అవతల గుచ్చిండంట అక్కా. రెండంటే రెండు వేళ్లు" అని తను తన వేళ్లు చూపించింది. "బూట్లు ఇప్పకుంటే నేనే పోయేటోన్ని అన్నడు."

నేను నా రెండు వేళ్లు పక్కపక్కన పెట్టి చూసుకున్నాను.

"ఇంకోటి సుత అన్నడు. నువ్వు ఆటో కోసం పోయినవ్ గద, గేటు దిక్కు చూసుకుంట అన్నడు. టేపు చుట్టేటోళ్లను నాకంటే ముందు ఎన్నడూ నడవనియ్య అని."

అది విన్నాక నా కుళ్లు పోయిందని రాస్తే బాగుంటుంది. పోలేదు. గేటు వైపు చూస్తూ ఆ మాట అన్నప్పుడు ఆయన మొహం ఎలా ఉందో తను చూసింది. నేను ఆటో వెనక సీట్లో కూర్చుని, నన్ను పంపేశారని పళ్లు కొరుక్కుంటున్నాను. ఆయన నా గురించి చెప్పిన మాట కూడా తనకే దక్కింది.

మీలో ఎవరి దగ్గరైనా ఆ మూత ఇంకా ఉంటే, మీరేం అడిగారో, ఆయనేం చెప్పారో మీ ఇంట్లో పిల్లలకి చెప్పండి. ఆయన బడి బడికీ తిరిగింది అందుకే. విగ్రహాల దగ్గర దండలు వేయడానికి పిలిస్తే వెళ్లేవారు కాదు. పిల్లలు మట్టిలో పడుకుంటారంటే జ్వరంతో కూడా వెళ్లేవారు.

నేను మాత్రం ఇంతవరకూ ఎవరికీ చెప్పనిది ఒకటి చెప్పాలి. ఆ అమ్మాయి ప్రశ్న అడిగిన తర్వాతి శనివారం, మా కాన్వెంటులో, నేను ముప్ఫై ఒక్క మూతలు పాతి మ్యాపులో ముప్ఫై గీశాను. పిల్లలు వెళ్లిపోయాక, ఆయన నడవకముందే, మిగిలిన ఆ ఒక్కదాన్ని నాకు దొరికినట్టు తీసి ఆయన చేతిలో పెట్టాలనుకున్నాను. సరిగ్గా అప్పుడే సిస్టర్ రిజిస్టరులో సంతకం చేయమని ఆఫీసు గదికి పిలిచారు. నేను తిరిగి వచ్చేసరికి ఆయన దారి మధ్యలో కూర్చుని కుడి మడమ పట్టుకుని ఉన్నారు. మూత అంచు లోతుగా దిగింది. ఆయన మూతని చూశారు, మ్యాపుని చూశారు, నన్ను చూశారు. ఆసుపత్రిలో గాజుపెంకు గుచ్చుకుందని చెప్పారు. మూడు కుట్లు వేశారు. మామ్మగారికీ గాజుపెంకు అనే చెప్పారు. వారం తిరిగాక, కట్టు ఇంకా విప్పకుండానే మా ఇంటికి వచ్చి, పాతడానికి నన్నే పిలిచారు.